నవ్వుచాటు బెంగ

దూరముననున్న ఆత్మీయులపై బెంగ కలిగినప్పుడు దానిని ఉన్నదున్నట్లు చెప్పుట మన ఇండ్లలో అంతగా వాడుక కాదు. "నీవు లేక నాకు తోచుట లేదు" అని భర్త భార్యతో పదిమంది యెదుట అనడు. తండ్రి కొడుకుతో అసలే అనడు. అయినను ఆ మాట చెప్పకుండ ఎవరును ఉండలేరు. అందుచేత దానికొక మారువేషము వేసి పంపుదురు. ఆ వేషము చాలసారులు హాస్యమే. పుట్టింటికి వెళ్లిన ఇల్లాలికి, "ఇక్కడ అందఱము సుఖముగా నున్నాము, పప్పు మాత్రము ప్రతిదినము మాడుచున్నది" అని కబురు వచ్చినచో, ఆ మాడిన పప్పులో నున్నదేమో ఆమెకు తెలియును. ఈ సంగతిని కొంచెము విచారింతము.

మన నాటక సంప్రదాయమున దీనికి చక్కని ఉదాహరణము భామాకలాపము. సిద్ధేంద్రయోగి రచనగా ప్రసిద్ధికెక్కిన ఈ కలాపమును కృష్ణాజిల్లా కూచిపూడి భాగవతులు తరతరములుగా ఆడుచు వచ్చిరి. కథ చిన్నది. అద్దము ముందు అందచందములను గూర్చి మాట పెరిగి, కృష్ణుడు అలిగి వెళ్లిపోవును. సత్యభామ విరహమున వేగిపోవుచు, ఆయనను తోడితెమ్మని చెలికత్తెయైన మాధవిని బతిమాలును. కథను బట్టి చూచిన ఇది కన్నీటి ఘట్టము. కాని చూచువారు నవ్వుచునే యుందురు. మగని పేరేమని మాధవి అడుగును. భర్త పేరు నోట పలుకరాదు గనుక సత్యభామ సిగ్గుపడి, తడబడి, డొంకతిరుగుడుగా చెప్పజూచును. మాధవి తెలియనట్లు నటించి మఱల అడుగును. చేయబోవు సాయమునకు ప్రతిఫలముగా ఆమె ముక్కున నున్న ఆభరణమునే కోరును.

ఈ హాస్యము వలన సత్యభామ వేదన తగ్గినదా? తగ్గలేదు. ఆ పేరు పలుకుటకు ఆమె యెంత తడబడునో, ఆ పేరు ఆమెకెంత ప్రియమైనదో మనకంతగా తెలియును. మఱియొక విశేషము. సత్యభామ అభిమానవతి. "తప్పు నాది, రమ్ము" అని తిన్నగా అనుట ఆమెకు సాధ్యము కాదు. అభిమానము గలవారికి కన్నీటికంటె నవ్వు సులభమైన త్రోవ. ఈ పాత్రకు పేరుపడిన వేదాంతం సత్యనారాయణశర్మగారు 1970లో పద్మశ్రీ గౌరవమునందుకొని, 2012లో కీర్తిశేషులైరి. పురుషుడు స్త్రీవేషము ధరించి, గర్వమును విరహమును ఒక్క మోముననే చూపగా ప్రేక్షకులు నవ్విరి. ఆ నవ్వుతోనే సత్యభామపై జాలియు పడిరి.

భక్తులును ఈ మార్గమునే పట్టిరి. శ్రీకాకుళాంధ్రదేవునిపై శతకము చెప్పిన కాసుల పురుషోత్తమకవి స్వామిని ఎత్తిపొడుచుచునే కొలిచెను. గోలకొండ చెరసాలలోని రామదాసు తాను చేయించిన నగల లెక్కలు చెప్పి రాముని నిలదీసెను. నిందాస్తుతి యనగా చనువు. పరాయివారిని పొగడుదుము, మనవారిని వేళాకోళము చేయుదుము.

భరతముని నాట్యశాస్త్రమున శృంగారమునుండి హాస్యము జనించునని చెప్పెను. కరుణమునకును విప్రలంభమునకును భేదము చూపుచు, మొదటిది నిరపేక్షము, రెండవది సాపేక్షము అనెను. అనగా ఎడబాటులో మఱల కలిసికొందుమను ఆశ యుండును. కరుణములో ఆ ఆశ యుండదు. హాస్యమునకు ఈ ఆశతో దగ్గఱి చుట్టఱికము కలదని మాకు తోచుచున్నది. కన్నీరు ఒంటరిగా కార్చవచ్చును. పరిహాసమునకు మాత్రము అవతల నవ్వువారుండవలెను. పరిహాసము చేయువాడు ప్రత్యుత్తరము కొఱకు ఎదురుచూచుచున్నాడన్నమాట.

ఈ సంగతి మాకు శాస్త్రము చదివి తెలియలేదు. మా ఇంటి గోడ గడియారము వలన తెలిసినది. అది ఎనిమిది దినముల గడియారము. ప్రతి ఆదివారము మా అమ్మ ముక్కాలిపీట యెక్కి దానికి తాళమిచ్చెడిది. మేము చిన్నతరగతులలో నుండగా మా అక్కగారి పురిటికని అమ్మ మూడు నెలలు ఊరు విడిచి వెళ్లవలసి వచ్చెను. నాన్నగారు వారము వారము ఒక కార్డు వ్రాసెడివారు. కార్డు గనుక తపాలా జవాను మొదలు వియ్యంకుల వఱకు ఎవరైనను చదువవచ్చును. అందులో మనసు విప్పుట యెట్లు? అందుచేత ఆయన ఇట్లు వ్రాసిరి: "ఇచ్చట ఎవరికిని బెంగ లేదు. పిల్లలు అన్నము తినుచున్నారు. నేను కాచిన పాలు పిల్లి ముట్టుట లేదు. గడియారము మాత్రము, నీవు వచ్చువఱకు నడువనని కూర్చున్నది."

ఆ కార్డును తపాలాపెట్టెలో వేయుటకు మాకిచ్చిరి. దారిలో చదివి మేము మండిపడితిమి. రాత్రులు మేము దుప్పటి క్రింద ఏడ్చుచుండగా, ఈయనకు వేళాకోళమా! వెంటనే అమ్మకు వేఱుగా జాబు వ్రాసితిమి: "నాన్నగారికి నీమీద ఏమాత్రము బెంగ లేదు. గడియారమునకు తాళమైనను ఇచ్చుట లేదు." పదిదినములకు ఆమె ప్రత్యుత్తరము వచ్చినది: "పిచ్చి నాయనా, గడియారము ఆగినదని వ్రాసినారు గదా! అంతకంటె ఇంకేమి వ్రాయవలెను?" ఆ మాట అప్పుడు మాకు బోధపడలేదు. అమ్మ తిరిగి వచ్చినది. బండి దిగి, కాళ్లు కడుగుకొని, మొదట ముక్కాలిపీట తెచ్చుకొన్నది. నాన్నగారు పత్రికలోనుండి తల యెత్తలేదు గాని, ఆ పత్రిక తలక్రిందులుగా నున్నదని అక్క తరువాత చెప్పినది.

ఏండ్లు గడచినవి. అమ్మ కాలము చేసినది. కర్మకాండ ముగిసి, చుట్టములు వెళ్లిన తరువాత వచ్చిన మొదటి ఆదివారమునాడు, గడియారము ఇక ఆగిపోవుననియే మేమందఱము అనుకొన్నాము. నాన్నగారు తామే పీట యెక్కి తాళమిచ్చిరి. మేము తెల్లబోయి చూచుచుండగా ఆయన నవ్వుచు ఇట్లనిరి: "ఇప్పుడు ఆపి లాభమేమి? ఆగినదని వ్రాయుటకు చిరునామా లేదు."

ఎవరును నవ్వలేదు. కొంతసేపటికి అక్క నవ్వినది. ఆ నవ్వుతోనే ఏడ్చినది. భరతుడు చెప్పిన సాపేక్ష నిరపేక్షముల భేదము ఆనాడు మాకు తెలిసినది. ఒకప్పుడు అమ్మ కొఱకు ఆడిన పరిహాసమును, ప్రత్యుత్తరము వచ్చు ఆశ పోయిన పిమ్మట, ఆయన మా చేతికిచ్చిరి. ఆమెకు బదులుగా నవ్వవలసినవారము మేమే. చిన్ననాడు ఆయన బెంగను గుర్తింపక వ్రాసిన జాబునకు మేము చెల్లించుకొనగలిగిన అప్పు కూడ అదియే.

నేడు కార్డులు అరుదైనవి. అమెరికాలో నున్న కొడుకు ముఖము టెలిఫోనులోనే కనబడును. మనకు తెల్లవారునప్పటికి వారికి రాత్రి పడును. అయినను చెప్పలేని మాట చెప్పలేనిదిగానే యున్నది. "నీ వాటా అరిసెలు మీ నాన్నగారు తిని, నీ ఆరోగ్యము కొఱకే తిన్నాననుచున్నారు" అని తల్లి అన్నచో, అది అరిసెల సంగతి కాదు. నవ్వి ఊరకొనక, "డబ్బాలో నాలుగైనను మిగిల్చి ఉంచుడు, వచ్చుచున్నాను" అని బదులు పలికిన కొడుకు ధన్యుడు.

ఒక్క హెచ్చరిక మాత్రము చెప్పవలెను. బెంగ పలికించు హాస్యము తనమీదనో, పిల్లిమీదనో, గడియారముమీదనో వేసికొనవలెను గాని, దూరముననున్నవారిమీద వేయరాదు. "పెద్దవాడవైతివి, మేమెందుకు గుర్తుందుము" అనునది హాస్యము కాదు. నవ్వు పూసిన ములుకు. అది పిలువదు, దూరము చేయును.

మీ ఇంటికి వచ్చు జాబులలో, మాటలలో, ఏ గడియారమైనను ఆగినట్లు వినబడినచో, ఆలస్యము చేయకుడు. తాళమిచ్చువారి కొఱకు అచ్చట ఎవరో ఎదురుచూచుచున్నారు.