వంతెన మీద ముక్కుసూటి మనిషి



పాట వినడం ఒకరి దగ్గర నేర్చుకోవాలంటే మనకు వింతగా ఉండదు. రాగం ఎక్కడ మలుపు తిరిగిందో, తాళం ఎక్కడ నిలబడిందో పక్కన కూర్చుని చెప్పేవాళ్లు ఉంటే, అంతకుముందు వందసార్లు విన్న కీర్తన కూడా కొత్తగా వినబడుతుంది. టీవీ సీరియల్‌కు మాత్రం మనం ఆ మర్యాద ఇవ్వం. హంతకుడు ఎవరో తేలేదాకా చూస్తాం, తేలాక కట్టేస్తాం. ఈ రోజు మీతో ఒక్క పాత్ర గురించి మాట్లాడాలని వచ్చాను. ఆ పాత్రను చూడడం నాకు చాలా నేర్పింది. మీకూ నేర్పుతుందని నా నమ్మకం.

ఆమె పేరు సాగా నోరెన్. స్వీడన్‌లోని మాల్మో నగరంలో పోలీసు డిటెక్టివ్. స్వీడన్, డెన్మార్క్ టీవీ సంస్థలు కలిసి తీసిన సీరియల్ అది. స్వీడిష్‌లో 'బ్రోన్', డేనిష్‌లో 'బ్రోఎన్', రెండింటికీ అర్థం 'వంతెన'. 2011లో మొదలై 2018లో ముగిసింది. నాలుగు సీజన్లు, మొత్తం 38 భాగాలు. దీన్ని సృష్టించిన రచయిత హన్స్ రోసెన్‌ఫెల్ట్, సాగాగా నటించింది సోఫియా హెలిన్.

ఆ వంతెన నిజంగా ఉంది. మాల్మోకూ డెన్మార్క్ రాజధాని కోపెన్‌హాగెన్‌కూ మధ్య ఉన్న సముద్రం మీద 2000 జులైలో తెరిచారు. పొడవు దాదాపు ఎనిమిది కిలోమీటర్లు. అది ఒక కృత్రిమ ద్వీపం దగ్గర ఆగుతుంది. అక్కడి నుంచి దారి సముద్రం అడుగున సొరంగంలోకి దిగి డెన్మార్క్‌లో తేలుతుంది. కథ ఆ వంతెన మీదే మొదలవుతుంది. రాత్రివేళ దీపాలు ఒక్కసారిగా ఆరిపోతాయి. మళ్లీ వెలిగేసరికి రెండు దేశాల సరిహద్దు గీత మీద ఒక శవం, సగం అటు, సగం ఇటు. రెండు దేశాల పోలీసులూ వస్తారు. ఎత్తబోతే శవం నడుము దగ్గర రెండుగా విడిపోతుంది. అప్పటికి తెలుస్తుంది, అది ఒకరి శరీరం కాదని. పై సగం ఒక స్వీడిష్ రాజకీయ నాయకురాలిది, కింది సగం కోపెన్‌హాగెన్‌లో ఒళ్లు అమ్ముకుని బతికిన ఒక పేద స్త్రీది.

ఇంత భయంకరమైన ఎత్తుగడ చూశాక చాలామందికి అదే గుర్తుండిపోతుంది. నేను మాత్రం దాని తర్వాత వచ్చే చిన్న సన్నివేశం దగ్గర మిమ్మల్ని ఆపుతాను.

వంతెన మూసేశారు. ఆధారాలు చెదరకూడదని సాగా ఎవరినీ కదలనివ్వడం లేదు. అంతలో ఒక అంబులెన్స్ వస్తుంది. లోపల గుండె జబ్బు మనిషి, పక్కన కలవరపడుతున్న భార్య. దాటనివ్వమని ఆమె బతిమాలుతుంది. సాగా కుదరదంటుంది. గొంతు పెంచదు, విసుక్కోదు, జాలిపడదు. నిబంధన చెబుతుంది, అంతే. డెన్మార్క్ నుంచి వచ్చిన డిటెక్టివ్ మార్టిన్ రోదె ఇదంతా చూస్తూ ఉంటాడు. చివరికి అతను అంబులెన్స్‌ను వదిలేస్తాడు. దానికి నీ మీద ఫిర్యాదు రాస్తానని సాగా అతనికి చెప్పేస్తుంది. అప్పుడే పరిచయమైన మనిషికి!

ఆ క్షణంలో మీరు సాగాను చూడకండి, మార్టిన్‌ను చూడండి.

ఎందుకో చెబుతాను. లోకం పోకడ తెలియని మేధావి డిటెక్టివ్ అనే మూస చాలా పాతది. 1887లో ఆర్థర్ కానన్ డాయిల్ షెర్లాక్ హోమ్స్‌ను పరిచయం చేసినప్పుడే ఆ మూస కుదురుకుంది. హోమ్స్ ఎంత విచిత్రమైన మనిషో మనకు చెప్పేది ఎవరు? డాక్టర్ వాట్సన్. ఆశ్చర్యపోయేదీ, నొచ్చుకునేదీ, చివరికి క్షమించేదీ వాట్సనే. మనం అతని వెనక నిలబడి హోమ్స్‌ను చూస్తాం. తెలుగులో కొమ్మూరి సాంబశివరావు గారి డిటెక్టివ్ యుగంధర్ పక్కన అసిస్టెంట్ రాజు ఉండేవాడు. ఆ నవలలు చదివిన వాళ్లకు పక్కమనిషి విలువ నేను చెప్పక్కర్లేదు. అయితే వాట్సన్ చేతిలో కలం ఉంది. తనకు ఏమనిపించిందో పుటలకు పుటలు రాసుకోగలడు. టీవీలో పక్కమనిషికి ఆ సదుపాయం లేదు. మార్టిన్‌కు ఉన్నది ముఖం ఒక్కటే.

ఆ పాత్ర వేసిన కిమ్ బోద్నియా ముఖం మీద అంబులెన్స్ సన్నివేశంలో ఎన్ని భావాలు నడుస్తాయో లెక్కపెట్టండి. మొదట, ఈవిడ వేళాకోళమాడుతోందా అన్న అనుమానం. తర్వాత, లేదు నిజంగానే అంటోంది అన్న గ్రహింపు. ఆ వెనక కాస్త చిరాకు. చిట్టచివర పెదవి చివర ఎక్కడో ఒక ఆసక్తి. మన అలంకార శాస్త్రం సంచారీ భావాలు అంటుందే, స్థాయీ భావం మీద అలల్లా వచ్చిపోయేవి, అవన్నీ ఇక్కడ మార్టిన్ ముఖానికి ఇచ్చేశారు. సాగా ముఖాన్ని ఆ అలలు లేని నీటిలా వదిలారు. ఇద్దరినీ ఒకే చట్రంలో నిలబెట్టడమే ఈ సీరియల్ శిల్పంలోని గుట్టు అని నేననుకుంటాను. ఆ నిశ్చలమైన నీళ్ల లోతు మనకు తెలిసేది మార్టిన్ వల్లనే.

ఇక సోఫియా హెలిన్ దగ్గరికి వద్దాం. ఏ భావమూ చూపకుండా నటించడం తేలిక అనుకునేవాళ్లు ఒకసారి అద్దం ముందు ప్రయత్నించి చూడండి. మనకు తెలియకుండానే కనుబొమలు కదులుతాయి. ఎదుటివాళ్లు నవ్వితే మన పెదవి కూడా సాగుతుంది. తల ఊపుతూ 'ఊఁ' కొడతాం. పుట్టినప్పటి నుంచి అలవాటైన ఈ చిన్నచిన్న మర్యాదలన్నీ హెలిన్ ఒక్కొక్కటిగా తీసి పక్కన పెట్టింది. సాగా ఊఁ కొట్టదు. ఎదుటి మనిషికి మామూలుగా ఇవ్వాల్సిన ఎడం ఇవ్వకుండా, ఓ అడుగు దగ్గరగా నిలబడుతుంది. చూపు తిప్పాల్సిన చోట తిప్పదు. మాట అయిపోతే 'సరే, ఉంటాను' లాంటివేవీ లేకుండా వెనక్కి తిరిగి నడిచి వెళ్లిపోతుంది. ఫోన్ కూడా అంతే, పని అయిపోగానే పెట్టేస్తుంది.

ఆఫీసులో అందరి మధ్యా చొక్కా విప్పి ఇంకోటి తొడుక్కుంటుంది. ఆమెకు అందులో వింతేమీ కనబడదు. చొక్కా మాసింది, మార్చింది. దర్శకులు దాన్ని నవ్వులాటగా గానీ కంటికింపుగా గానీ తీయలేదు. ఒక మనిషి చేతిలో పెన్ను మార్చినట్టు తీశారు. ఆమె దుస్తులూ గమనించండి. పొడుగాటి కోటు, తోలు ప్యాంటు. నడిపేది ఆకుపచ్చ రంగు పాత పోర్షె కారు. సీజన్లు మారినా ఇవి మారవు. పొద్దున లేచి ఏం వేసుకోవాలా అన్న ఆలోచన కూడా అక్కర్లేని మనిషి అని ఒక్క మాట లేకుండా చెప్పేశారు.

ఇప్పుడు అసలు సంగతి. సాగాకు లోపించినదానికి తెలుగులో చక్కని మాట ఉంది: లౌక్యం. ఎదుటివాడి మనసెరిగి మాట మార్చడం, నొప్పి తగలకుండా దాటవేయడం, అక్కర్లేని చోట పొగడడం, ఇవన్నీ అందులోకి వస్తాయి. సాగాకు ఇవేవీ రావు. ఎవరేమంటే ఆ మాటకు ఉన్న అర్థమే తీసుకుంటుంది. అలాంటి మనిషి గొప్ప డిటెక్టివ్ ఎలా అయింది? చవకబారు రచన అయితే ఇక్కడ తెలివి ఒక అరలో, విచిత్ర ప్రవర్తన మరో అరలో పెట్టి, రెంటినీ ఒకే మనిషికి తగిలించి ఊరుకునేది. 'వంతెన' తర్వాత వచ్చిన ఎన్నో సీరియల్స్‌లో నేను చూసింది అదే. రోసెన్‌ఫెల్ట్ రాసిన సాగాలో ఆ రెండూ ఒకటే. నేరస్తుడు దాక్కునేది మాటకూ మనసుకూ మధ్య ఉన్న సందులో. లౌక్యం తెలిసిన మనం ఆ సందును రోజూ మర్యాదగా పూడ్చేస్తూ ఉంటాం. ఏదో అన్నాడులే, పోనీలే అంటాం. సాగాకు పోనీలే అనడం తెలియదు. చెప్పిన మాటకు జరిగిన పని పొసగకపోతే ఆమె అక్కడే నిలబడిపోతుంది. దుఃఖంలో ఉన్న తల్లిదండ్రుల ముందు ఆమెను మొరటు మనిషిని చేసే గుణమే నేరస్తుడి ముందు ఆమెకు ఆయుధం అవుతుంది.

మొరటుతనం అన్నాను గానీ, ఆ మాట కూడా సరికాదని నాకు మా అమ్మ చెప్పింది. ఆమెకు ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ చదవడం రాదు. నేను చూస్తుంటే పక్కన కూర్చుని ముఖాలు చూస్తూ ఉండేది. మూడో రోజో నాలుగో రోజో అంది, "ఆ పిల్లకి పొగరు కాదురా. మర్యాద ఎందుకో అర్థం కావట్లేదు, అంతే. అతను మాట్లాడుతుంటే చూడు, పాఠం వింటున్నట్టు వింటోంది." ఆ మాటతో నేను వెనక్కి వెళ్లి చూసిన భాగాలన్నీ మళ్లీ చూశాను. అమ్మ చెప్పింది నిజం. సాగా నేర్చుకుంటోంది. మామూలు మనుషులు ఇలాంటప్పుడు ఏం చేస్తారో మార్టిన్‌ను చూసి నేర్చుకుంటోంది. తెలియనిచోట సిగ్గుపడకుండా అతన్నే అడుగుతుంది. మొదటి సీజన్ చివర ఆమెకు ఒకే ఒక్క అబద్ధం ఆడాల్సిన అవసరం వస్తుంది. ఆడకపోతే ఒక ప్రాణం పోతుంది. అప్పుడు హెలిన్ ముఖం చూడండి. అంతసేపూ అల లేని ఆ నీటి మీద మొదటిసారి ఒక కదలిక వస్తుంది. కథ ఎటు తిరుగుతుందో నేను చెప్పను. అబద్ధం చెప్పడం రాని మనిషి ప్రేమ కొద్దీ అబద్ధం చెప్పబోవడం ఎలా ఉంటుందో చూపించిన నటన నేను ఇంకెక్కడా చూడలేదు.

సాగాకు ఏదైనా జబ్బా, ఆటిజమా అని ప్రేక్షకులు చాలా చర్చించుకున్నారు. సీరియల్‌లో ఎవరూ ఆమె స్వభావానికి పేరు పెట్టరు. పెట్టకపోవడమే మంచిదయిందని నా అభిప్రాయం. పేరు పెడితే ఆమె చేసే ప్రతి పనికీ ఆ పేరే జవాబైపోయేది. అయినా ఒక జాగ్రత్త చెప్పాలి. ఆటిజం ఉన్న పిల్లలు మన ఇళ్లలో, మన వీధుల్లో ఉన్నారు. వాళ్లందరూ ఇలాగే ఉంటారనో, ఏదో ఒక గొప్ప ప్రజ్ఞ దాచుకుని ఉంటారనో అనుకోవద్దు. ప్రజ్ఞ ఉంటేనే ఆదరించాలన్న ఆలోచన ఎవరి మీదా రుద్దకూడదు. సాగా అందరికీ ప్రతినిధి కాదు, ఆమె ఒకే ఒక్క మనిషి.

ఈ కథను మరికొన్ని దేశాల్లో తిరిగి తీశారు. అమెరికా, మెక్సికో సరిహద్దులో 2013లో ఒకటి, అందులో డయాన్ క్రూగర్ నటించింది. అదే ఏడాది బ్రిటన్, ఫ్రాన్స్ మధ్య సముద్రం కింది సొరంగంలో మరొకటి, అందులో క్లెమాన్స్ పోయెజీ. వీలైతే మూడింటిలోనూ మొదటి భాగం మాత్రం వరసగా చూడండి. ఒకే కీర్తనను ముగ్గురు విద్వాంసులు పాడగా వింటే సంగతుల తేడా ఎలా తెలుస్తుందో, ఇక్కడ చూపు తేడా, నిలబడే తీరులో తేడా అలా తెలుస్తాయి. నాకు నచ్చింది హెలిన్ పద్ధతే. మిగతా ఇద్దరూ ప్రతిభ ఉన్నవాళ్లే గానీ, పాత్ర మీద మనకు జాలి కలగాలన్న తొందర ఎక్కడో ఒకచోట కనబడుతుంది. హెలిన్ మనల్ని ఏమీ అడగదు.

మూడో సీజన్ నుంచి మార్టిన్ ఉండడు. ఎందుకన్నది రెండో సీజన్ చివర ఉంది, అది కూడా సాగా ముక్కుసూటితనానికీ స్నేహానికీ మధ్య జరిగిన సంగతే. ఆ తర్వాత హెన్రిక్ అనే మరో డేనిష్ అధికారి వస్తాడు. ఆ సీజన్లలో సాగా బాల్యం, చెల్లెలి కథ బయటికి వస్తాయి. అవి కొంత బరువెక్కాయనే నా ఫిర్యాదు. ఒక మనిషి అలా ఉండడానికి కారణం వెతికి చూపించాల్సిన పని లేదు. అయినా హెలిన్ కోసం చివరిదాకా చూడాల్సిందే.

చివరిగా, రేడియో శ్రోతలు కాబట్టి మిమ్మల్ని ఒకటి అడుగుతాను. మీకు చెవి ఉంది. స్వీడిష్ రాకపోయినా ఫరవాలేదు. ఈ సీరియల్‌లో స్వీడన్ వాళ్లు స్వీడిష్‌లో, డెన్మార్క్ వాళ్లు డేనిష్‌లో, ఎవరి భాషలో వాళ్లే మాట్లాడతారు. ఒక భాగంలో కాసేపు కళ్లు మూసుకుని వినండి. మార్టిన్ గొంతులో ఎత్తుపల్లాలు, సాగా గొంతులోని సమతలం మీకు స్పష్టంగా తెలుస్తాయి. ఫోన్ మోగిన ప్రతిసారీ ఆమె ఒకే వరసలో మూడు మాటలు చెబుతుంది: సాగా నోరెన్, పోలీసు విభాగం, మాల్మో. పేరు, ఉద్యోగం, ఊరు. ఊపిరి కూడా తీసుకోకుండా, ఆ మూడూ కలిసి తన ఒక్క పేరే అయినట్టు చెబుతుంది. మొదటి భాగం నుంచే దాన్ని చెవిలో పెట్టుకోండి. నాలుగో సీజన్ చివరి నిమిషంలో, అదే వంతెన మీద, ఆ ఫోన్ మరోసారి మోగుతుంది. అప్పుడు ఆమె ఎంతవరకు చెప్పి ఆగుతుందో వినండి.