ఆచార్య వాల్టర్ రౌషెన్‌బుష్: తెలుగు సీమకు రాని గురువు

(పాఠశాల ప్లాటినం జూబిలీ సభలో చేసిన ప్రసంగ పాఠం)



కోవిల్‌పట్టి, విరుదునగరం ప్రాంతాలలో ఇంట తెలుగు, వీధిలో తమిళం మాట్లాడుతూ తరతరాలుగా జీవిస్తున్న వారం మనం. ఇటువంటి చోట తెలుగు అక్షరం నేర్పే బడి 75 సంవత్సరాలు నిలవడం సామాన్య విషయం కాదు. ఈ శుభసమయాన ఒక బాప్టిస్టు వేదాంత పండితుని జీవితాన్ని మీ ముందుంచదలచాను. ఆయన వాల్టర్ రౌషెన్‌బుష్. అమెరికా ఆచార్యునికీ మనకూ ఏమి సంబంధమని మీరు అడగవచ్చు. సంబంధం ఉన్నది. ఆయన అక్కగారు తెలుగువారి నడుమ జీవించి, తెలుగువారిని గూర్చి గ్రంథం రచించారు. ఆయన కూడ తెలుగు సీమకు గురువై రావలసినవారే.

వాల్టర్ 1861 అక్టోబరు 4న న్యూయార్క్ రాష్ట్రంలోని రాచెస్టర్ నగరంలో జన్మించారు. తండ్రి ఆగస్ట్ జర్మనీ నుండి వలస వచ్చినవారు. రాచెస్టర్ వేదాంత కళాశాలలో జర్మన్ విభాగపు ఆచార్యులు. వాల్టర్ కొంతకాలం జర్మనీలో చదివి, తిరిగి వచ్చి, 1886లో అదే కళాశాలలో వేదాంత విద్య ముగించారు.

అప్పటికి అక్కగారు ఎమ్మా తెలుగు మిషనులో చేరి మన దేశానికి వచ్చి ఉన్నారు. తెలుగు బోధకులకు శిక్షణ ఇచ్చే వేదాంత పాఠశాల ఆ రోజుల్లో నెల్లూరు జిల్లా తీరాన రామాయపట్నంలో ఉండేది. దాని అధిపతిగా వాల్టర్‌ను పంపాలన్న ప్రతిపాదన వచ్చింది. అయితే పాత నిబంధన గ్రంథాలను గూర్చిన ఆయన అభిప్రాయాలు మరీ నవీనమైనవని ఆక్షేపణ బయలుదేరింది. ప్రతిపాదన వీగిపోయింది. రామాయపట్నం ఒక గురువును పోగొట్టుకున్నది.

ఆయన న్యూయార్క్ నగరంలో హెల్స్ కిచెన్ అనే పేదవాడ అంచున ఒక చిన్న జర్మన్ బాప్టిస్టు సంఘానికి కాపరి అయ్యారు. ఇరుకు గదులు, చాలని కూలి, పని దొరకని రోజులు, అంతులేని జబ్బులు ఆ సంఘస్థుల బ్రతుకు. అక్కడ ఆయనను అన్నింటికంటె కలచివేసినవి పసిపిల్లల అంత్యక్రియలు. మనిషి ఆత్మను రక్షించే మార్గం కళాశాలలో నేర్చుకున్నారు. కాని ఆ మనిషి బిడ్డను చంపుతున్న వాడకు, కూలికి, ఇంటి అద్దెకు ఆ పాఠంలో సమాధానం లేదు. అక్కడ ఉండగానే జబ్బు చేసి ఆయన వినికిడి పోయింది. అయినను ఆ సంఘాన్ని వెంటనే విడువలేదు. 11 ఏళ్ళు సేవ చేశారు.

1897లో రాచెస్టర్ కళాశాలకు ఆచార్యులుగా తిరిగి వచ్చారు. 1902 నుండి సంఘ చరిత్ర బోధించారు. చెవులు వినబడని మనిషి 21 సంవత్సరాలు తరగతి గదిలో నిలిచి పాఠం చెప్పారన్న సంగతి ఉపాధ్యాయులు గమనింపదగినది. 1907లో ‘క్రైస్తవ్యమూ సాంఘిక సంక్షోభమూ’ అనే అర్థం వచ్చే పేరుతో గ్రంథం ప్రకటించారు. నిందలు తప్పవనుకుంటూ సెలవు మీద జర్మనీ వెళ్ళారు. తిరిగి వచ్చేసరికి దేశమంతటా ఖ్యాతి వచ్చి ఉన్నది. 1910లో వెలువరించిన ప్రార్థనల గ్రంథంలో కూలి పనికి పోయే పిల్లల కోసం ప్రత్యేకంగా ఒక ప్రార్థన చేర్చారు.

1917లో వెలువడిన చివరి మహాగ్రంథంలో ఆయన చెప్పినది ఇది: పాపం ఒక్కొక్క మనిషిలోనే ఉండదు, వ్యవస్థలలో కూడ గూడుకట్టుకుంటుంది. యేసును సిలువకు పంపిన సాంఘిక పాపాలు ఆరని లెక్కించారు: మత దురభిమానం, లంచమూ అధికారమూ చేతులు కలపడం, న్యాయాన్ని వంచడం, గుంపు ఉద్రేకం, యుద్ధోన్మాదం, తక్కువ తరగతివారి పట్ల తిరస్కారం. ఏ మతంవారైనను ఈ పట్టికను చదివి, ఇది మా ఊరి సంగతి కాదని అనగలరా? 1918 జూలై 25న, ప్రపంచ యుద్ధం ముగియక మునుపే ఆయన కన్ను మూశారు. అమెరికాలో నల్లజాతివారి హక్కుల కోసం పోరాడిన మార్టిన్ లూథర్ కింగ్, తన భావాలపై రౌషెన్‌బుష్ చెరగని ముద్ర వేశారని 1958లో రాసుకున్నారు.

ఇక అక్కగారి సంగతి. ఎమ్మా ఒంగోలులో సేవ చేసిన జాన్ ఎవరెట్ క్లౌ గారిని వివాహమాడారు. క్లౌ దొర 1876-78 నాటి కరవులో బకింగ్‌హామ్ కాలువ తవ్వకంలో కొంత భాగం గుత్తకు తీసుకొని, ఆకలితో ఉన్న వేలమందికి పని చూపినవారు. తమ్ముడు రాచెస్టర్‌లో సిద్ధాంతంగా రాసినదానిని బావగారు ఒంగోలులో అంతకు మునుపే పలుగు, పారలతో చేసి చూపారు. ఎమ్మా 1899లో ప్రచురించిన గ్రంథం పేరుకు ‘చెప్పులు కుట్టుచుండగా’ అని అర్థం. తోలుపని చేసుకొని బ్రతికే తెలుగు మాదిగ కుటుంబాల కథలు, ఆచారాలు, నమ్మకాలు వారి నోటనే విని రాసిన పుస్తకమది. వారి మాటకు అచ్చులో చోటు దక్కడమే ఆ కాలంలో అరుదు. మన సీమలో అరుంధతీయుల ఇళ్ళలో తెలుగు నేటికీ వినిపిస్తుంది. ఆ పుస్తకం వారికి పరాయిది కాదు.

ఈ కథ మన బడికి ఎందుకు? కోవిల్‌పట్టి, సాత్తూరు, శివకాశి అగ్గిపెట్టెల పరిశ్రమ దేశానికంతటికీ వెలుగు పంచినది. ఆ పెట్టెలు నింపిన చేతులు ఎన్నో పసిచేతులని మనకు తెలియనిది కాదు. శివకాశి పిల్లల వ్యాజ్యంలో సుప్రీంకోర్టు 1996లో తీర్పు చెబుతూ, ప్రమాదకరమైన పనిలో పెట్టుకున్న ఒక్కొక్క పిల్లవానికి యజమాని 20,000 రూపాయలు చెల్లించాలని ఆదేశించింది. అంతకు ఎంతో ముందే, విరుదునగరంలో పుట్టి చిన్నతనంలోనే చదువు మానవలసి వచ్చిన కామరాజు గారు, ముఖ్యమంత్రి అయినాక బడిలో మధ్యాహ్న భోజనం పెట్టించారు. ఆకలి బడికి వెలుపలి విషయం కాదని ఆయన గ్రహించారు. రౌషెన్‌బుష్ సిద్ధాంత సారమూ అదే.

కనుక నా మనవి ఒక్కటే. మార్కులు తెచ్చే పిల్లలను మెచ్చుకుందాం. కాని మూడు రోజులు ఖాళీగా ఉన్న బల్ల ఎవరిదో ఉపాధ్యాయులు అడగాలి. ఆ ఇంటికి పొరుగు తల్లిదండ్రులు వెళ్ళాలి. పుస్తకమో, ఫీజో, బస్సు చార్జీయో అడ్డయితే పూర్వ విద్యార్థులు ఆ భారం మోయాలి. పిల్లవాడు రాలేదని హాజరు పట్టీలో గుర్తు వేయడంతో మన బాధ్యత తీరదు; ఎందుకు రాలేదో తెలుసుకోవడంతో అది మొదలవుతుంది. 75 ఏళ్ళ ఈ బడికి ఏ పిల్లవాడూ చదువు మధ్యలో మానని సంవత్సరం ఒకటి రావాలని కోరుతూ సెలవు తీసుకుంటున్నాను.