కొసరు పిచ్చుక



ఈ ఉదయం మన ధ్యానభాగము లూకా సువార్త 12వ అధ్యాయము 6వ వచనము. బైబిలు దగ్గర ఉన్నవారు మత్తయి సువార్త 10:29 దగ్గర కూడా ఒక వేలు పెట్టి ఉంచండి. రెండూ కలిపి చదివితేనే లెక్క తేలుతుంది.

మా నాన్నగారు ప్రభువు సన్నిధికి వెళ్లిన తరువాత మా అమ్మ మా దగ్గరికి వచ్చేసింది. వచ్చిన మర్నాడే చాటలో గుప్పెడు నూకలు, కాసిని సజ్జలు పోసుకొని పెరట్లోకి వెళ్లింది. మొదట రెండు పిచ్చుకలు వచ్చాయి. నెల తిరిగేసరికి ఓ గుంపే దిగేది. వాటి వెనకే, రొమ్ము మీద చేప పొలుసుల్లాంటి మచ్చలున్న జీనువాయి పిట్టలు గడ్డి గింజల కోసం గోడవారకు చేరేవి.

వానాకాలంలో ఆ పెరడంతా బురద. కూడికకు వచ్చినవారికి ఇబ్బందిగా ఉందని గోడ నుండి గోడ వరకు సిమెంటు చేయించాను. పిట్టలు తగ్గిపోయాయి. "గింజలు వేస్తూనే ఉన్నాం కదమ్మా" అన్నాను. "గింజలు మనం వేస్తాం నాయనా, పిల్లలకు పురుగులు ఎవరు వేస్తారు?" అంది. వేదాంత కళాశాలలో నాకు ఈ పాఠం ఎవరూ చెప్పలేదు! పెద్ద పిచ్చుక గింజలు తింటుంది గాని, గూట్లో ఉన్న పసికూనల నోటికి మెత్తని పురుగులే తెచ్చి పెడుతుంది. ఆ పురుగులు మట్టిలో, గడ్డిలో, ఆకుల్లో ఉంటాయి. పరలోకపు తండ్రి పరచిన బల్లను నేను సిమెంటుతో కప్పేసి, దానిమీద గుప్పెడు నూకలు చల్లి, వాటిని నేనే పోషిస్తున్నాననుకున్నాను. తరువాత మేస్త్రీని పిలిచి గోడవారన రెండు గజాల మేర పగలగొట్టించాను. డబ్బు దండగ అన్నవారూ ఉన్నారు.

ఇక లెక్క సంగతి. ప్రభువు దినాలలో పిచ్చుకలను బజారులో తినడానికి అమ్మేవారు. అది పేదవాడి మాంసము. మన బైబిలులో కాసు అని ఉన్నది గ్రీకులో అస్సారియోన్, చిన్న రాగి నాణెము. అలాంటివి 16 అయితే ఒక దేనారము, అంటే కూలివాని దినకూలి. మత్తయిలో ఒక కాసుకు రెండు పిచ్చుకలు. ఆ లెక్కన రెండు కాసులకు నాలుగే రావాలి. లూకాలో అయిదు! కూరలమ్మి కొసరుగా కరివేపాకు రెబ్బ వేసినట్టు, అయిదవది కొసరు. దానికి వెలే లేదు.

గత సంవత్సరం నుండి అమ్మకు మతిమరుపు ముదిరింది. ఒక సాయంకాలం నన్ను చూసి, "ఎవరు బాబూ మీరు?" అని అడిగింది. ఎందరినో ఓదార్చిన వాడిని, ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. పరలోక ప్రార్థన మధ్యలో ఆగిపోతుంది. తెలివిగా ఉన్న ఒక పూట ఆమే అడిగింది: "ప్రార్థన మరచిపోతున్నాను. దేవుడు నన్ను మరచిపోతాడా?"

మత్తయి వచనం మీద నేను చాలాసార్లు ప్రసంగించాను. పిచ్చుక నేల రాలదని ప్రభువు అక్కడ అనలేదు. రాలుతుంది. మా పెరట్లో పిల్లి ఉంది, నేను చూశాను. తండ్రికి తెలియకుండా రాలదు, అంతే. ఆ రాత్రి లూకాను మళ్లీ చదివాను. పిచ్చుక దేవుణ్ణి జ్ఞాపకం పెట్టుకుంటుందని అక్కడ ఒక్క మాట లేదు. జ్ఞాపకముంచుకునే పని అంతా దేవునిదే. ఆ కొసరు పిచ్చుకను సహితం ఆయన మరువడు. అమ్మ పక్కన కూర్చొని అదే చెప్పాను. తల ఊపింది. మర్నాటికి ఆ మాట కూడా మరచిపోయింది, మళ్లీ చెప్పాను.

ఈ ఉదయం ఈ ప్రసంగం రికార్డు చేయడానికి బయలుదేరుతుంటే అమ్మ చాట పట్టుకొని పెరటి గుమ్మంలో నిలబడి ఉంది. "బాబూ, గేటు మెల్లగా వెయ్యండి, పిట్టలు తింటున్నాయి" అంది. మెల్లగానే వేసి వచ్చాను.

ప్రార్థించుకుందాము. తండ్రీ, ఈ ఉదయం తమ పిల్లల పేర్లు జ్ఞాపకం రాని తల్లిదండ్రులను, వారి మంచాల పక్కన కూర్చున్నవారిని మీ చేతికి అప్పగిస్తున్నాము. యేసు నామమున అడుగుచున్నాము తండ్రీ, ఆమేన్.