చిన్న శవపేటికల దగ్గర పుట్టిన ప్రశ్న: వాల్టర్ రౌషెన్‌బుష్

ఈ ఎపిసోడ్‌లో ఒక బాప్టిస్టు ప్రొఫెసర్ గారి గురించి మాట్లాడుకుందాం. పేరు వాల్టర్ రౌషెన్‌బుష్. పలకడానికి కాస్త కష్టమే, కానీ గుర్తుపెట్టుకోండి. మార్టిన్ లూథర్ కింగ్ జూనియర్ తన ఆలోచన మీద చెరగని ముద్ర వేసిందని చెప్పుకున్న పుస్తకం ఈయన రాసిందే. ఇంకో సంగతి, ఈయన కుటుంబానికి మన ఒంగోలుతో చుట్టరికం ఉంది. అది కూడా చెప్తాను.

రౌషెన్‌బుష్ 1861లో అమెరికాలో, న్యూయార్క్ రాష్ట్రంలోని రోచెస్టర్‌లో పుట్టారు. తండ్రి ఆగస్ట్ జర్మనీ నుంచి వలస వచ్చిన పాస్టర్. మొదట లూథరన్, తర్వాత బాప్టిస్టు అయ్యారు. రోచెస్టర్ సెమినరీలో, అంటే పాస్టర్లను తయారుచేసే కాలేజీలో, జర్మన్ విభాగంలో పాఠాలు చెప్పేవారు. వాల్టర్ చదువు కొంత జర్మనీలో, మిగతాది రోచెస్టర్‌లో సాగింది. రెండు భాషలూ ఇంటి భాషలే.

1886లో, 24 ఏళ్ల వయసులో, న్యూయార్క్ నగరంలో ఒక చిన్న జర్మన్ బాప్టిస్టు సంఘానికి పాస్టర్‌గా వెళ్లారు. చర్చి ఉన్నది హెల్స్ కిచెన్ అనే పేట దగ్గర. ఇరుకు గదులు, చాలీచాలని కూలి, ఎక్కువ పనిగంటలు, ఎప్పుడు పోతుందో తెలియని ఉద్యోగం. సంఘంలో ఉన్నవాళ్లంతా ఇలా బతికే వలస కార్మికులే.

ఆయన అక్కడికి వెళ్లింది ఆత్మలను రక్షించాలని. వాక్యం చెప్పాలి, ప్రార్థన చేయాలి, మనుషులు మారాలి, అంతే. కానీ అక్కడ ఆయన్ని కుదిపేసింది పిల్లల అంత్యక్రియలు. ఒకటి కాదు, రెండు కాదు. చిన్న చిన్న శవపేటికలు. ఆ తల్లిదండ్రులకి ఓదార్పు మాటలు చెప్పాలి కదా, చెప్పేవారు. కానీ లోపల ఒక ప్రశ్న తొలిచేసేది: ఈ పిల్లలు ఎందుకు చనిపోవాలి? గాలి రాని గది, సరిపడా లేని తిండి, వీటికి బాధ్యులెవరు? ఇది దేవుడి చిత్తం అని చెప్పి ఊరుకోవచ్చా?

ఈ ప్రశ్నకి సెమినరీ నోట్సులో జవాబు దొరకలేదు.

1888లో ఆయనకి జబ్బు చేసింది. పూర్తిగా తగ్గకముందే సంఘంలో వాళ్లని చూడటానికి బయటికి వెళ్లారు. జబ్బు తిరగబెట్టి వినికిడి దెబ్బతింది, తర్వాత దాదాపు పూర్తిగా పోయింది. మనుషులతో మాట్లాడటమే పనిగా ఉన్న మనిషికి అది ఎంత పెద్ద దెబ్బో ఆలోచించండి. అయినా పని ఆపలేదు. 1889లో మిత్రులతో కలిసి కార్మికుల కోసం ఒక పత్రిక నడిపారు. 1891లో ఇంగ్లండ్, జర్మనీ వెళ్లి చదువుకుని వచ్చారు. 1893లో పెద్ద ఆర్థిక మాంద్యం వచ్చినప్పుడు, పని కోసం తలుపు తట్టే మనుషుల్ని రోజూ చూశారు.

ఇప్పుడు ఒంగోలు సంగతి. ఆయన అక్క ఎమ్మా తెలుగు ప్రాంతానికి మిషనరీగా వచ్చారు. 1894లో జాన్ క్లౌ గారిని పెళ్లి చేసుకున్నారు. 1878 జులై 3న వెల్లంపల్లి దగ్గర ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందారు కదా, ఆ పని వెనక ఉన్న క్లౌ గారే ఈయన. ఎమ్మా మాదిగ కుటుంబాల కథలు విని 1899లో ‘వైల్ సోయింగ్ శాండల్స్’ అనే పుస్తకం రాశారు. తమ్ముడు కూడా ఇక్కడికి రావాల్సినవాడే. ఒంగోలుకు దక్షిణాన, సముద్రం ఒడ్డున ఉన్న రామాపట్నం తెలుగు సెమినరీకి ఆయన పేరు పరిశీలించారు. కానీ పాత నిబంధన గురించి ఆయన అభిప్రాయాలు మరీ స్వేచ్ఛగా ఉన్నాయని అభ్యంతరం వచ్చింది. ఆ ప్రయాణం జరగలేదు.

1897లో ఆయన రోచెస్టర్ సెమినరీకి టీచర్‌గా తిరిగి వెళ్లారు. 1902లో సంఘ చరిత్ర ప్రొఫెసర్ అయ్యారు. వినికిడి లేకుండానే 20 ఏళ్లకు పైగా పాఠాలు చెప్పారు. 1907లో ‘క్రిస్టియానిటీ అండ్ ది సోషల్ క్రైసిస్’ వచ్చింది. దీనివల్ల ఉద్యోగం పోతుందేమో అని భయపడ్డారు. జరిగింది రివర్స్. జర్మనీలో ఒక ఏడాది ఉండి తిరిగొచ్చేసరికి దేశమంతా పేరు వచ్చేసింది.

ఇంతకీ ఆయన చెప్పిందేంటి? సింపుల్‌గా చెప్తాను. పాపం ఒక్క మనిషి గుండెలోనే ఉండదు, మనం కట్టుకున్న పద్ధతుల్లో కూడా ఉంటుంది. ఒక ఫ్యాక్టరీ ఓనర్ ఉన్నాడనుకోండి. మంచివాడు, రోజూ ప్రార్థన చేస్తాడు. కానీ పక్క ఫ్యాక్టరీ కూలి తగ్గిస్తే, పోటీలో నిలబడాలని ఇతనూ తగ్గిస్తాడు. ఇతని మనసు ఎంత మెత్తనిదైనా ఆ కూలీ ఇంట్లో పాలు తగ్గుతాయి. అందుకే మనుషులూ మారాలి, పద్ధతులూ మారాలి అన్నారు. దేవుని రాజ్యం అంటే చనిపోయాక చేరే చోటు మాత్రమే కాదు, ఈ భూమి మీద న్యాయం కూడా అన్నారు. దీన్నే సామాజిక సువార్త అంటారు. అలాగని ఆయన ప్రార్థనని పక్కన పెట్టలేదు. 1910లో ఒక ప్రార్థనల పుస్తకమే తెచ్చారు.

లోపాలు లేవా? ఉన్నాయి. సమాజం ఎలాగూ ముందుకే వెళ్తుందని ఆయన మరీ ఎక్కువ నమ్మారని కింగ్ గారే విమర్శించారు. నల్లజాతివారికి జరిగే అన్యాయం గురించి ఆయన రాసింది చాలా తక్కువ. చిత్రం ఏంటంటే, ఆయన వదిలేసిన చోటే, ఆయన పుస్తకం చదివిన ఒక నల్లజాతి పాస్టర్ పని మొదలుపెట్టారు.

చివరి రోజులు బాధాకరం. మొదటి ప్రపంచ యుద్ధం వచ్చింది. జర్మన్ మూలాలున్నవాడు, పైగా యుద్ధాన్ని వద్దన్నవాడు, అందుకని చాలామంది అనుమానంగా చూశారు. అప్పుడు కూడా రాస్తూనే ఉన్నారు. 1917లో ‘ఎ థియాలజీ ఫర్ ది సోషల్ గాస్పెల్’ వచ్చింది. 1918 జులై 25న క్యాన్సర్‌తో చనిపోయారు. యుద్ధం ముగియడానికి ఇంకా కొన్ని నెలలే ఉంది.

మనం కూడా కష్టంలో ఉన్నవాళ్లకి సాయం చేస్తాం, ఫోన్‌లో వెంటనే డబ్బులు పంపిస్తాం. అది మంచిదే, ఆపొద్దు. కానీ అదే వీధి నుంచి అదే కష్టం మళ్లీ మళ్లీ వస్తుంటే, ‘ఎందుకిలా?’ అని ఒక్కసారైనా అడుగుతున్నామా? మీకు తెలిసిన చోట అలాంటి కష్టం ఏదైనా ఉంటే కామెంట్‌లో రాయండి, మాట్లాడుకుందాం. ఉంటాను మరి, నమస్తే.