నివాస రుజువు కాయితాలు: నాకు జరిగింది, మన దగ్గర జరుగుతున్నది
(మండల సమాఖ్య వార్షిక సర్వసభ్య సమావేశంలో ఒక గ్రామ సంఘం అధ్యక్షురాలు చేసిన ప్రసంగం)

నేను చదివింది పదో తరగతి. మైకు పట్టుకునే అలవాటు లేదు. పొదుపులు, స్త్రీనిధి, బ్యాంకు లింకేజీ లెక్కలు ముందు మాట్లాడిన అక్కలు చెప్పిన్రు. నన్ను నివాస రుజువు కాయితాల గురించి చెప్పమన్నరు. ఎందుకు నన్నే అంటే, ఈ విషయంల దెబ్బ తిన్నది నేను. నాతోని మా సంఘం మొత్తం తిన్నది.

నేను పుట్టింది గోదావరిఖనిల. మా నాయిన బాయి పని చేసిండు, కంపెనీ క్వార్టర్ల పెరిగినం. నాయిన దిగిపోయినంక క్వార్టర్ అప్పజెప్పి సొంతూరు పోయిన్రు. నేను పెండ్లి చేసుకొని గోదారి వంతెన దాటి ఇక్కడికి వచ్చిన. ఆధార్ కార్డు మాత్రం క్వార్టర్ నంబరు మీదనే ఉండిపోయింది. ఓటు ఇక్కడ ఎక్కింది, బియ్యం వస్తున్నయి, పిల్లలు ఇక్కడి బడికే పోతున్నరు. ఇగ అడ్రస్ ఎందుకు మార్చుకోవాలె అనుకున్న. పన్నెండేండ్లు అట్లనే గడిచింది.

తర్వాత సంఘానికి లీడర్ అయిన. ఒక బ్యాంకుల మా సంఘం ఖాతా ఉన్నది. లీడర్ల కేవైసీ మళ్లా చేయాలన్నరు. నా ఆధార్ల ఒక జిల్లా, సంఘం ఇంకో జిల్లా. ఉత్తరం పంపినం, ఆ అడ్రస్‌ల మీరు లేరని తిరిగొచ్చింది అన్నరు. ఎట్ల ఉంటం? ఆ క్వార్టర్ల ఇప్పుడు వేరేటోళ్లు ఉంటున్నరు. ఖాతా ఆగింది. కొత్త లోను అప్పుడే మంజూరు కావాల్సి ఉండె. మిరుగు వచ్చింది, పోయింది. పత్తి గింజలకు మా సంఘం అక్కలు బయట మూడు రూపాయల మిత్తికి తెచ్చుకున్నరు. మూడు నెలలకు గాని ఖాతా తెరుచుకోలేదు. ఆ మూడు నెలలు ఎవ్వరు నన్ను ఒక్క మాట అనలేదు. అనకపోవుడే నాకు ఎక్కువ బాధ అనిపించింది. తిడితే బాగుండు అనుకున్న.

అప్పటి నుంచి ఎవరింటికి పోయినా ముందు కార్డు చూపించమంటున్న. ఆధార్ అక్క అని పేరు కూడ పెట్టిన్రు.

అన్ని ఊర్లల్ల ఈ ఇబ్బంది ఉంటది గాని, మన బొగ్గు బాయిల దిక్కు ఇంకొంచెం ఎక్కువ. ఒకటి, క్వార్టర్లు. పని ఉన్నన్ని రోజులు ఆ నంబరే మన అడ్రస్, దిగిపోయినంక ఆ నంబరు ఇంకొకలది. రెండు, మన జిల్లానే మారింది. 2014 జూన్ 2న తెలంగాణ వచ్చింది, 2016 అక్టోబర్ 11న దసరా నాడు మంచిర్యాల జిల్లా అయింది. ఊరు కదలలేదు, ఇల్లు కదలలేదు, కాయితం మీద మాత్రం రాష్ట్రం మారింది, జిల్లా మారింది. పాత కార్డుల ఆదిలాబాద్ జిల్లా, ఆంధ్రప్రదేశ్ అని ఉన్నోళ్లు ఇంకా ఉన్నరు. 2023 డిసెంబర్ 9 నుంచి బస్సుల ఆడోళ్లకు టికెట్ లేదు గదా, తెలంగాణ అడ్రస్ ఉన్న కార్డు చూపియ్యాలె. ఆంధ్రప్రదేశ్ అని ఉన్న కార్డు తీసి పెద్దమ్మలు కండక్టర్ ముందట బిత్తరపోయిన్రు. అది కండక్టర్ తప్పు కాదు.

ఇంకో మాట నవ్వులాటకు చెప్తున్న. ఫోన్ల ఎవలకన్నా మాది జైపూర్ అంటే రాజస్థానా అని అడుగుతరు. ఫారం నింపే పిలగాడు తొందరల పిన్‌కోడ్ తప్పు కొడితే మన కార్డు నిజంగనే అక్కడికి పోతది. పిన్‌కోడ్ ఒకటికి రెండుసార్లు చూసుకోండి.

మూడోది పెద్దది. భూములు పోవుడు. మన పెగడపల్లి దగ్గర సింగరేణి కరెంటు ఫ్యాక్టరీ, 600 మెగావాట్లవి రెండు యూనిట్లు, 2016 ఆగస్టుల ప్రధానమంత్రి జాతికి అంకితం చేసిండు. దానికి భూములు ఇచ్చిన కుటుంబాలు మన సంఘాలల్ల ఉన్నయి. ఓపెన్‌కాస్టుల కింద ఊరికి ఊరే లేచిపోయిన తావులు కోల్‌బెల్టుల ఎన్నో ఉన్నయి. ఊరు పోతున్నదంటే మొదలు అడిగేది ఒకటే: నువ్వు ఈ ఊర్లనే ఉంటున్నవా, రుజువేది?

ఇక్కడ నేను ఒక చెల్లె సంగతి చెప్పాలె. పేరు, ఊరు చెప్పను, ఆమె వద్దన్నది. పెనిమిటి చనిపోయిండు. అత్తగారింట్లనే ఉండి కూలి చేసుకుంట ఇద్దరు పిల్లలను సాదింది. తల్లిగారి ఊర్ల తెలిసినోళ్లు ఉన్నరని, పింఛను తొందరగ వస్తదని ఎవరో చెప్తే ఆధార్ల అడ్రస్ తల్లిగారింటికి మార్పించుకున్నది. ఉండుడు మాత్రం అత్తగారి ఊర్లనే. రెండేండ్లకు ఆ ఊరు భూసేకరణల పడ్డది. ఇంటింటికి సర్వే చేసిన్రు. జాబితాల ఆమె పేరు లేదు. అత్త కుటుంబం ఒక్కటే రాసిన్రు. ఆమెది వేరే ఊరు గదా, కార్డు చూడుండ్రి అన్నరు.

అక్కలారా, ఇది గుర్తు పెట్టుకోండి. 2013ల వచ్చిన భూసేకరణ చట్టం, 2014 జనవరి 1 నుంచి అమలు, అందుల కుటుంబం అంటే ఏందో రాసిన్రు. భర్త చనిపోయిన ఆడమనిషి, విడాకులు అయినామె, అయినోళ్లు వదిలేసినామె, వీళ్లను వేరే కుటుంబంగానే లెక్కించాలె అని ఉన్నది. అత్త కార్డుల ఉన్నదా, మామ ఇంట్ల ఉన్నదా అన్నది కాదు. పెద్దయిన కొడుకు, బిడ్డ కూడ వేరే కుటుంబమే. చట్టం ఆమె దిక్కే ఉన్నది. చట్టం ఉంటే సరిపోలేదు, ఆమె ఆ ఊర్ల ఉన్నదని చూపియ్యాలె.

ఆమె సంఘం అక్కలు కూసొని ఆలోచన చేసిన్రు. ఏమేం తీసిన్రంటే, ఉపాధి హామీ జాబ్ కార్డు. ఆమె పేరు మీద ఆ ఊరి జాబ్ కార్డు ఉన్నది, ఏ ఏడు ఎన్ని రోజులు పనికి పోయిందో కంప్యూటర్ల వస్తది. అంగన్‌వాడీ టీచర్ దగ్గర రిజిస్టర్, చిన్నోడు కడుపుల ఉన్నప్పటి నుంచి ఆమె పేరు రాసి ఉన్నది. టీకాల కార్డు. పెద్దోని బడి బోనఫైడ్. ఆఖరికి సంఘం మినిట్స్ బుక్. ఆరేండ్లు ప్రతి మీటింగుకు వచ్చి సంతకం పెట్టింది, ఒకటి రెండు తప్పితే ఎక్కడా ఖాళీ లేదు. ఆ పుస్తకం మనం ఎంత తేలికగ చూస్తం! మీటింగు అయినంక నాలుగు రోజులకు సంతకాలు పెట్టిస్తం, తారీఖు వేయం, కొట్టివేతలు ఉంటయి. ఆ సంఘం బుక్‌కీపర్ మంచిది, తారీఖులన్ని సక్కగ ఉన్నయి.

అన్ని జిరాక్సులు తీసి, గ్రామసభల అభ్యంతరం రాసిచ్చి, రసీదు తీసుకున్నరు. మళ్లా ఎంక్వైరీ చేసిన్రు. ఆమె పేరు జాబితాకు ఎక్కింది. అదే ఊర్ల ఇంకో ఇద్దరివి ఎక్కలేదు. వాళ్లు సంఘంల లేరు, జాబ్ కార్డు లేదు, ఆధార్ కూడ వేరే ఊరిది. వాళ్లు నిజంగ ఆ ఊర్ల ఉన్నరని ఊరందరికి తెలుసు. తెలుసుడు వేరు.

ఇగ మన పని ఏందో చెప్త.

ఆధార్ అడ్రస్ ముందు. పెండ్లయి వచ్చినామెకు కరెంటు బిల్లు ఆమె పేరు మీద ఉండదు, ఇంటి పన్ను ఉండదు, భూమి పాసుబుక్కు ఉండదు. మామ పేరు మీద ఉంటది, ఆయన పోయి పదేండ్లు అయి ఉంటది. మరి ఏం పెట్టాలె? 2023 నుంచి ఒక సౌకర్యం వచ్చింది. ఇంటి పెద్ద ఆధార్ మీద మన అడ్రస్ మార్చుకోవచ్చు. పెనిమిటి అయినా సరే, తల్లిదండ్రులైనా సరే. ఇద్దరి పేర్లు ఉన్న రేషన్ కార్డో, పెండ్లి సర్టిఫికెట్టో పెట్టాలె. అవి లేకుంటే ఇంటి పెద్ద రాసిచ్చే డిక్లరేషన్ ఉన్నది. ఆన్‌లైన్ల పెడితే ఆయన 30 రోజుల లోపల ఒప్పుకోవాలె, లేకుంటే కొట్టేస్తది. ఇద్దరి ఫోన్ నంబర్లు ఆధార్‌కు లింక్ అయి ఉండాలె. సిమ్ మార్చి పాత నంబరు పారేసినోళ్లు మనల సగం మంది ఉంటరు, వాళ్లు ముందు సెంటరుకు పోయి నంబరు ఎక్కించుకోండి. 2025 అక్టోబర్ నుంచి ఫీజు 75 రూపాయలు. ఎక్కువ అడిగితే రసీదు అడగండి.

రుజువు ఏదీ లేనోళ్లకు ఆధార్ సంస్థ ఒక సర్టిఫికెట్ నమూనా ఇచ్చింది, ఫోటో అంటించి పంచాయతీ సంతకం, ముద్ర తీసుకోవాలె. అది మూడు నెలలే పనికొస్తది, తీసుకొని పెట్టెల దాచుకోకండి. 2024 ఫిబ్రవరిల సర్పంచుల గడువు అయినంక రెండేండ్లకు దగ్గర దాక ప్రత్యేకాధికారులే ఉన్నరు, ఆ సంతకానికి మా ఊరోళ్లు ఎంత తిరిగిన్రో!

ఆధార్ మార్చుకుంటే అన్ని వాటంతట అవే మారుతయి అనుకుంటరు. మారవు. ఓటుకు వేరే, ఫారం 8 పెట్టాలె, బూతు లెవల్ ఆఫీసర్‌కు ఇయ్యొచ్చు. రేషన్ కార్డుల తల్లిగారింటి దగ్గర పేరు తీసేస్తేనే ఇక్కడ ఎక్కుతది. ఏండ్ల తరబడి పేర్లు ఎక్కక ఎంత మంది కోడండ్లు, పిల్లలు ఉత్తగ ఉన్నరో మనకు తెలుసు. 2025ల కొత్త కార్డులు వచ్చినప్పుడు, ఆడ తీసేయించుకోనోళ్లవి మళ్లా ఆగినయి. మనిషికి 6 కిలోల సన్నబియ్యం. అవి ఒక్కటే కాదు, గృహజ్యోతి 200 యూనిట్లకు, 500 గ్యాసుకు ఆ కార్డే చూస్తరు. కిరాయికి ఉన్నోళ్లకు గృహజ్యోతి రాదని కొందరు అంటరు, అది తప్పు, కిరాయోళ్లకు కూడ వస్తది.

ఆధార్ ఉన్నంక తహసీల్దార్ దగ్గర నివాస సర్టిఫికెట్ మళ్లా ఎందుకని నన్ను చాలా మంది అడిగిన్రు. 2016 ఆధార్ చట్టం తొమ్మిదో సెక్షన్ల రాసే ఉన్నది, ఆధార్ నంబరు పౌరసత్వానికి గాని, స్థిర నివాసానికి గాని రుజువు కాదని. అందుకే మీసేవల దరఖాస్తు పెట్టుకుంటే గిర్దావర్ ఎంక్వైరీ చేసి, తహసీల్దార్ సంతకం పెడుతరు. ముందట వీఆర్వో ఉండె, ఎవరిది ఏ ఇల్లో ముఖం చూసి చెప్పేటోడు. 2020ల వాళ్లను తీసేసిన్రు. 2025 సెప్టెంబర్ల గ్రామ పాలనాధికారులు వచ్చిన్రు. వాళ్లు కొత్తోళ్లు, మనమే పోయి పరిచయం చేసుకోవాలె.

పిల్లల సంగతి ఒకటి. ఉద్యోగాల లోకల్ అనేది ఇల్లు చూసి కాదు, చదువు చూసి. 2018 రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం ఒకటి నుంచి ఏడో తరగతి దాక ఎక్కువ ఏండ్లు ఎక్కడ చదివితే అక్కడ లోకల్. ఏడింట్ల నాలుగేండ్లు. గోదారి అవుతల రామగుండంల అమ్మమ్మ దగ్గర ఉంచి నాలుగేండ్లు చదివిపిస్తే పిలగాడు పెద్దపల్లి జిల్లాకు లోకల్, మంచిర్యాలకు నాన్‌లోకల్. రెండు జిల్లాలు ఒకటే కాళేశ్వరం జోన్ల ఉన్నయి కాబట్టి జోన్ పోస్టులకు నష్టం లేదు, జిల్లా పోస్టులకు ఉన్నది. మా పెద్దదాన్ని నేను మా అమ్మ దగ్గర ఉంచుదామనుకున్న, ఇది తెలిసినంక ఆగిన. అమ్మ దగ్గర ఉంచుడు తప్పని కాదు, తెలిసి చేయాలె. బడి మారినప్పుడల్లా బోనఫైడ్ అప్పుడే తీసుకోండి. మూతబడిన ప్రైవేటు బడి కాయితం తర్వాత దొరకదు.

వేరే రాష్ట్రాలల్ల ఇది ఇంకా గట్టిగ అయింది. అస్సాంల 2019 ఆగస్టుల ఎన్ఆర్సీ జాబితా వేస్తే 19 లక్షల మంది పేర్లు లేవు. అక్కడ పెండ్లయి వేరే ఊరికి పోయిన ఆడోళ్లకు తండ్రి బిడ్డనే అని చూపే కాయితం దొరకక, పంచాయతీ కార్యదర్శి ఇచ్చిన సర్టిఫికెట్లు తెచ్చుకున్నరు. అవి చెల్లుతయా లేదా అని సుప్రీంకోర్టు దాక పోయింది. బీహార్ల 2025ల ఓటరు జాబితా దిద్దితే ముసాయిదాల 65 లక్షల పేర్లు పోయినయి. పోయినోళ్లల్ల చనిపోయినోళ్లు ఉన్నరు, ఊరు మారినోళ్లు ఉన్నరు. భయపెట్టనీకి చెప్తలేను. పుట్టిన ఊరు ఒకటి, బతికే ఊరు ఒకటి ఎవలకు ఉంటది? మొగోళ్ల కంటే మనకే గదా.

కార్యవర్గం ఒప్పుకున్నది కాబట్టి ఇది చెప్పి దిగిపోత. వచ్చే నెల నుంచి ప్రతి గ్రామ సంఘం మీటింగుల ఒక అరగంట కాయితాలకే. సభ్యురాలికి ఒక కవరు: ఆధార్, రేషన్ కార్డు, ఓటరు కార్డు, జాబ్ కార్డు, పిల్లల బోనఫైడ్‌లు, కరెంటు బిల్లు. పేరు, అక్షరాలు, ఊరు, జిల్లా అన్నిట్ల ఒక్క తీరుగ ఉన్నయా అని వీవోఏ చూస్తది, తేడా ఉంటే ఎర్ర పెన్నుతోని రాస్తది. ముందు ఒంటరి ఆడోళ్లవి చూడాలె, తర్వాత లీడర్లవి. మినిట్స్ బుక్కుల తారీఖు లేకుండ సంతకం పెట్టనని ప్రతి అక్క పట్టుబట్టాలె. అసలు కాయితాలు ఎవలకు ఇయ్యకండి, జిరాక్సులే తెచ్చుకోండి. జిరాక్సు పైసలు సంఘం పెట్టదు, చిల్లర తెచ్చుకోండి.