మూడు పేటల త్రాడు: మందు, ఆహారము, ఆదరణ

(బెల్లంపల్లి సంఘ కూడికలో చేసిన ప్రసంగ పాఠము)



నూరేండ్ల పండుగ జరుపుకొనే ఈ దినములలో మందిరములను గూర్చి, బడులను గూర్చి, మొదటి బోధకులను గూర్చి చెప్పుకొనుట సహజము. మేము మాత్రము దవాఖానను గూర్చి, అందులోను ఒక్క సంగతిని గూర్చి మాట్లాడదలచినాము. కొన్ని రోగములకు ఒక్క మందు చాలదు. రెండు మూడు విధముల చికిత్సను కలిపి ఇస్తారు. ఎందుకు కలుపుతారు? కలిపి ఇచ్చిన దానిని మధ్యలో విడిచిపెడితే ఏమవుతుంది?

ఇది డాక్టర్ల సంగతి గదా, పాదిరిగారికి ఎందుకు అని అనుకోవద్దు. ఇండ్లను దర్శించేటప్పుడు మా చెవిని పడే మాట ఒకటున్నది: "అయ్యగారూ, రెండు నెలలు గోలీలు మింగిన. దగ్గు తగ్గింది, ఆకలైతున్నది. ఇగ మానేసిన." సంతోషముతో చెప్పే ఈ మాట వెనుక ప్రాణాపాయము దాగి ఉన్నది. అందుకే ఈ ప్రసంగము.

మనది బొగ్గు ఊరు. బాయిలు చాలావరకు మూతపడినా, బాయి పని చేసిన చేతులు ఇంకా మన నడుమ ఉన్నవి. టబ్బులను లాగే హాలేజీ తాడును మీలో అనేకులు చూసినవారే. దానిని ఒక్క లావుపాటి ఇనుప కడ్డీతో చేయరు. సన్నని ఉక్కు తీగెలను పేటలుగా పేని, ఆ పేటలను కలిపి తాడుగా అల్లుతారు. ఒక తీగె తెగినా తక్కినవి బరువు మోస్తాయి. నిపుణులు ఆలోచించి కలిపిన చికిత్స కూడ ఇటువంటిదే.

మంచి సమరయుని కథను ఈ దృష్టితో ఒకసారి తలచుకొనండి. దెబ్బలు తిన్న మనిషికి అతడు ఒక్క పని చేసి పోలేదు. నూనె, ద్రాక్షారసము పోసి గాయములు కట్టినాడు. తన వాహనము మీద ఎక్కించుకొని సత్రమునకు చేర్చినాడు. అక్కడ దగ్గరుండి చూచుకొన్నాడు. మరునాడు ఖర్చుకు పైకమిచ్చి, తిరిగి వస్తానని మాట ఇచ్చినాడు. మందు, కట్టు, వాహనము, పడక, పోషణ, పైకము, మళ్లీ విచారణ. వీటిలో ఏ ఒక్కటి తప్పినా ఆ మనిషి బ్రతికేవాడో లేదో.

మందుకు తోడు మందు

ముందుగా క్షయను తీసుకొందాము. రాబర్ట్ కాక్ అనే జర్మనీ డాక్టరు 1882 మార్చి 24న క్షయ క్రిమిని కనుగొన్నట్లు ప్రకటించినాడు. అటు తరువాత అరువది ఏండ్లు గడిచినా ఆ క్రిమిని చంపే మందు చేతికి రాలేదు. ఆ కాలములో కొండగాలి, విశ్రాంతి, మంచి ఆహారమే చికిత్స. మదనపల్లె దగ్గర ఆరోగ్యవరములో అనేక మిషనులు ఏకమై ఒక క్షయ శానిటోరియము స్థాపించి, డెన్మార్కు దేశస్థుడైన డాక్టర్ ఫ్రిమోట్ మోలర్ చేతికి అప్పగించినవి. ఏ మిషనుకామిషను చేయలేని పని నలుగురు కలిసి చేసినారు.

1943లో అమెరికాలో స్ట్రెప్టోమైసిన్ కనుగొన్నారు. లోకము ఆనందించింది. 1948లో ఇంగ్లండు డాక్టర్లు ఆ మందు పరీక్షా ఫలితములను ప్రచురించినారు. ఆరు నెలలలో రోగులు చక్కగా తేరుకొన్నారు. కాని ఐదేండ్లు గడిచేసరికి ఆ మేలు చాలావరకు కరిగిపోయింది. మందు పాడైపోలేదు. క్రిములే ఆ మందుకు లొంగకుండా తయారైనవి.

దీని లెక్క మీకు చెప్పవలెను, ఎందుకంటే అంతా ఈ లెక్కలోనే ఉన్నది. ఊపిరితిత్తిలో పుండు పడి గుంత అయినచోట సుమారు పది కోట్ల క్షయ క్రిములు ఉండవచ్చును. ఐసోనియాజిడ్ అనే మందుకు పుట్టుకతోనే లొంగని క్రిమి దాదాపు పది లక్షలలో ఒకటి ఉంటుంది. అంటే పది కోట్లలో నూరు. ఆ ఒక్క మందే ఇస్తే తక్కినవన్నీ చస్తాయి, రోగికి హాయిగా ఉంటుంది. ఆ నూరు మాత్రము మిగిలి, పెరిగి, మళ్లీ కోట్లవుతాయి. ఈసారి ఆ మందు వాటి మీద పనిచేయదు. రిఫాంపిసిన్ అనే మరొక మందుకు లొంగనిది సుమారు పది కోట్లలో ఒకటి. రెండింటికీ ఒకేసారి లొంగని క్రిమి కావలెనంటే కోటి కోట్లలో ఒకటి. అన్ని క్రిములు ఒక మనిషి రొమ్ములో పట్టవు. ఒక మందు తప్పించుకొన్న దానిని రెండవ మందు పట్టుకొంటుంది. కలిపి ఇచ్చుటలోని రహస్యమంతా ఇదే.

ఇప్పుడు మన ప్రభుత్వ దవాఖానలలో సాధారణ క్షయకు మొదటి రెండు నెలలు ఐసోనియాజిడ్, రిఫాంపిసిన్, పైరజినమైడ్, ఇథాంబుటాల్ అనే నాలుగు మందులు, తరువాత నాలుగు నెలలు పైరజినమైడ్ విడిచి తక్కిన మూడు, ప్రతిదినము ఇస్తారు. వేరు వేరుగా మింగే పని లేకుండా ఒకే గోలీలో కలిపి, రోగి బరువును బట్టి ఎన్ని గోలీలో నిర్ణయిస్తారు. పైసా ఖర్చు లేదు. ఎక్కువ క్రిములు మొదటి వారములలోనే చస్తాయి. మందకొడిగా పడియుండే కొద్దిపాటి క్రిములను చంపుటకే తక్కిన నెలలు. దగ్గు రెండు నెలలలో పోతుంది గాని రోగము పోదు. ఆ మధ్యలో మానితే మిగిలినవి తిరిగి లేస్తాయి. ఇష్టము వచ్చినప్పుడు మింగి, ఇష్టము వచ్చినప్పుడు మానుతూ ఉంటే మందులకు లొంగని క్షయ రావచ్చును. దాని చికిత్స కష్టమైనది. ఇంట్లో పసిపిల్లకు అంటుకొనేది కూడ ఆ లొంగని క్షయే.

మందు మింగిన తరువాత మూత్రము ఎర్రగా వస్తే కొందరు భయపడి మానుతారు. అది రిఫాంపిసిన్ రంగు, హాని లేదు. కాని కండ్లు పచ్చబడినా, చూపు మసకబారినా, వాంతులు ఆగకపోయినా వెంటనే దవాఖానకు పోవలెను. ఏ మందు ఆపవలెనో, ఏది మార్చవలెనో చెప్పవలసినది డాక్టరే. సారా, కల్లు ఈ మందులతో చేరితే కాలేయము దెబ్బ తింటుంది. కలిపి ఇచ్చుట వేరు, తోచినదెల్ల కలుపుకొనుట వేరు. దవాఖాన మందుతోబాటు ఎవరో ఇచ్చిన పేరు తెలియని పొడి, ఎవరో చెప్పిన సూది, ఇవి త్రాడుకు పేటలు కావు, త్రాడును కోసే కత్తులు.

ఆహారము

రెండవ పేట ఆహారము. "మందు ఇచ్చినారు గదా, తిండిదేమున్నది" అనేవారున్నారు. మనవలె బొగ్గు గనులున్న జార్ఖండు రాష్ట్రములో నాలుగు జిల్లాలలో ఒక గొప్ప పరిశీలన జరిగింది. దాని ఫలితములు 2023లో వెలువడినవి. 2,800 మంది క్షయ రోగులకు మందులతోబాటు నెలనెలా ఆహారము ఇచ్చినారు. వారి ఇండ్లలో ఉన్న పదివేలకు పైబడిన కుటుంబ సభ్యులలో కొందరికి కూడ బియ్యము, పప్పు ఇచ్చినారు. ఆహారము అందిన కుటుంబములలో క్రొత్తగా క్షయ వచ్చినవారు సుమారు 40 శాతము తగ్గినారు. రోగులలో మొదటి రెండు నెలలలో బరువు 5 శాతము పెరిగినవారికి మరణాపాయము సుమారు 60 శాతము తక్కువగా కనబడింది. పప్పన్నము మందును మించినదని దీని అర్థము కాదు. మందు క్రిమిని చంపుతుంది, అన్నము మనిషిని నిలబెడుతుంది. రెండును కావలెను.

ఈ సంగతి గ్రహించియే కేంద్ర ప్రభుత్వము 2018 నుండి క్షయ రోగికి చికిత్స కాలములో నెలకు 500 రూపాయలు ఆహారము నిమిత్తము బ్యాంకు ఖాతాలో వేయ మొదలుపెట్టి, 2024 నవంబరు నుండి దానిని 1,000 రూపాయలు చేసింది. మన సంఘములలో ఈ పైకము అందుకొనవలసినవారు, ఖాతా లేకనో, కాగితములు లేకనో, సిగ్గుపడియో అందుకొనకుండ ఉన్నారేమో పెద్దలు విచారించవలెను.

బాయి పని చేసినవారికి మరొక మాట. రాతి దుమ్ము ఏండ్ల తరబడి పీల్చిన ఊపిరితిత్తులకు క్షయ పట్టే అపాయము ఎక్కువ. చక్కెర వ్యాధి ఉన్నవారికి కూడ అంతే. అందుకే క్షయ బయటపడినప్పుడు చక్కెరను, హెచ్.ఐ.వి.ని కూడ పరీక్షిస్తారు. ఒకదానిని విడిచి మరొకదానికి చికిత్స చేస్తే ఫలితము సగమే. మునుపు బాయిలో చేసిన సంగతిని డాక్టరుకు తప్పక చెప్పండి.

ఆదరణ

మూడవ పేటను గూర్చి చెప్పుటకు మనము డిచ్‌పల్లికి పోవలెను. నిజామాబాదు దగ్గరి ఆ స్థలము మన ఉత్తర తెలంగాణ సంఘములకు పరాయిది కాదు. స్కాట్లాండు దేశపు డాక్టరమ్మ ఇసబెల్ కెర్, ఆమె భర్త పాదిరి జార్జి కెర్ 1907లో ఈ దేశము వచ్చినారు. ఊరివారు వెలివేసిన కుష్ఠు రోగులను చూచి, మొదట నిజామాబాదులో చిన్న ఆశ్రమము తెరచి, 1915లో డిచ్‌పల్లిలో ఆసుపత్రి నెలకొల్పినారు. దానికి పైకమిచ్చిన దాత రాజా నర్సాగౌడు అనే హిందూ పెద్దమనిషి. డాక్టరమ్మ, పాదిరి, అన్యమతస్థుడైన దాత. ఆ ఆసుపత్రి పునాదిలోనే మూడు పేటలున్నవి.

అప్పుడున్న మందు చాల్‌మొగ్రా జాతి గింజల నూనె సూది. 1940లలో డాప్సోన్ వచ్చింది. చౌకైనది, మింగుటకు సులువైనది, కాని ఏండ్ల తరబడి మింగవలసినది. ఇరవై ఏండ్లు ఒక్క డాప్సోన్ మీదనే ఆధారపడినందున, క్షయకు జరిగినదే దీనికీ జరిగింది. డాప్సోన్‌కు లొంగని క్రిములున్నవని 1964లో మలేషియాలో రుజువైనది. అప్పుడు 1981లో ప్రపంచ ఆరోగ్య సంస్థ నియమించిన నిపుణులు రిఫాంపిసిన్, క్లోఫాజిమిన్, డాప్సోన్ కలిపి ఇవ్వవలెనని నిర్ణయించినారు. దీనినే బహుళ ఔషధ చికిత్స అంటారు. వ్యాధి తీవ్రతను బట్టి ఆరు నెలలో, ఏడాదియో మింగితే చాలు. 1985లో లోకమంతట 52 లక్షల మంది రోగులు చికిత్స జాబితాలో ఉండగా, 2012 చివరకు వారి సంఖ్య లక్షా తొంబై వేలకు దిగింది. మన దేశములో 2005 డిసెంబరు నాటికి పదివేల మందికి ఒకరికన్న తక్కువకు వచ్చింది. క్రొత్త రోగులు నేటికిని ఉన్నారు గనుక జాగ్రత్త విడువరాదు.

అయితే క్రిమి చచ్చినంత మాత్రాన వంగిన వ్రేళ్లు చక్కబడవు, స్పర్శ పోయిన పాదమునకు స్పర్శ తిరిగి రాదు. ఇందుకు 1940ల చివర వెల్లూరులో డాక్టర్ పాల్ బ్రాండ్ మరొక దారి తీసినారు. పనిచేసే కండర నరమును తీసి పనిచేయని చోట కుట్టి, వంగిన చేతికి పని నేర్పినారు. నొప్పి తెలియకపోవుటయే గాయములకు మూలమని గ్రహించి, మెత్తని రబ్బరు చెప్పుల వాడకమును ముందుకు తెచ్చినారు. శస్త్రచికిత్స ఒక దినము, దాని తరువాత వ్యాయామము వారములు, పాదములు కడిగి పరీక్షించుకొనుట జీవితమంతా. ఇవన్నీ కలిస్తేనే ఆ మనిషి కూలికి పోగలడు, బిడ్డకు అన్నము కలిపి పెట్టగలడు.

ఇన్ని కలిసినా, ఊరిలో ఎవరును ప్రక్కన కూర్చోనివ్వకపోతే? రోగము దాచుకొంటాడు. దాచుకొన్నవాడు ఆలస్యముగా వస్తాడు. ఆలస్యముగా వచ్చినవాని చేయి వంగి ఉంటుంది. కాబట్టి ఆదరణ కేవలము ధర్మకార్యము కాదు, అది చికిత్సలో భాగమే. బహుళ ఔషధములు మొదలుపెట్టిన కొద్ది కాలములోనే కుష్ఠు రోగి వలన ఇతరులకు అంటుకొనుట ఆగిపోతుంది. అట్టివానికి ప్రభువు బల్ల యొద్ద స్థలమివ్వని సంఘము శాస్త్రమునకును దూరమే, సువార్తకును దూరమే.

ప్రార్థన మాటేమిటి?

ఈ ప్రశ్న మీ మనస్సులో ఉన్నదని మాకు తెలుసు. రోగులకొరకు ప్రార్థన చేయుట మా విధి, చేస్తూనే ఉంటాము. కాని "స్వస్థత కలిగింది, ఇక గోలీలు పారవేయుము" అని ఏ బోధకుడైన చెప్పితే మీరు వినవద్దు. రాజైన హిజ్కియా కన్నీటితో ప్రార్థించినాడు, దేవుడు ఆలకించినాడు. అయినను అతని పుండు మీద అంజూరపు పండ్ల ముద్ద పెట్టుమని చెప్పినవాడు ప్రవక్తయైన యెషయాయే. ప్రార్థన, మందు ఒకే దేవుని రెండు చేతులు. ఒక చేతిని పట్టుకొని రెండవ చేతిని త్రోసివేయుట భక్తి కాదు.

ఇక మన సంఘములు చేయదగిన పనులు నాలుగు చెప్పి ముగిస్తాము. ఒకటి, రెండు వారములకు మించి దగ్గు ఉన్నవారిని, మొద్దుబారిన మచ్చ ఉన్నవారిని వెంటబెట్టుకొని దవాఖానకు తీసుకొనిపోవలెను. తెమడ పరీక్ష ఉచితము. రెండు, చికిత్సలో ఉన్న ప్రతివారికి ఒక తోడును ఏర్పరచవలెను. చివరి గోలీ మింగేవరకు దినదినము విచారించుటయే ఆ తోడు పని. మూడు, కోతపండుగలో వచ్చే బియ్యము, పప్పులో ఒక భాగము రోగి ఇంటికి, ఆ ఇంటి పిల్లలకు చేరవలెను. వారు మన సంఘస్థులా కాదా అని అడుగవద్దు. డిచ్‌పల్లికి పైకమిచ్చిన నర్సాగౌడు ఆ లెక్క చూడలేదు. నాలుగు, స్త్రీల మైత్రి వారు ఆశా కార్యకర్తతో కలిసి నడువవలెను. ఆమె ఒంటరిగా ఎన్ని గడపలు ఎక్కగలదు?

గత నూరేండ్లలో డాక్టరు, నర్సు, పాదిరి, దాత, వంటమనిషి, గాయములు కట్టిన పేరు తెలియని ఆయాలు ఒకరికొకరు తోడై ఈ పనిని మన చేతికి అప్పగించి పోయినారు. ఈ వారములో మీ వీధిలో గోలీలు మానేసిన మనిషి ఒకడుంటే, రేపు ఉదయమే అతని గడప తొక్కి, దవాఖాన దాక వెంట నడువండి.

ప్రభువు మిమ్ములను దీవించును గాక. ఆమేన్.