అప్పు తీర్చుచునే అప్పిచ్చిన జపాను పెద్ద



అప్పను మాట మీకు క్రొత్తది కాదు. అప్పడుగుట, ఇచ్చువాని షరతులకు లోబడుట, కిస్తీలు చెల్లించుట, ఈ మూడును తన దేశము పక్షమున అనుభవించి, పిమ్మట ఆసియా దేశములకు ఋణములిచ్చు సంస్థకు పెద్దయైన జపాను ఉద్యోగి యొకని గూర్చి నేడు మేము ముచ్చటింపదలచితిమి. ఆయన తకేషి వతనబే.

1906లో జన్మించిన వతనబే న్యాయశాస్త్రము చదివి, 1930లో ఆర్థిక మంత్రిత్వ శాఖలో చేరెను. 1945లో జపాను యుద్ధమున ఓడినది. పట్టణములు బూడిదయైనవి. విజేతల సైనిక కార్యాలయము దేశమును శాసించుచుండ, వారి యెదుట కూర్చుండి తన దేశపు బొక్కసము సంగతులు విన్నవించు పని ఈయన పాలబడెను. గౌరవముగల పనియే గాని, సుఖమైన పని కాదని మా యూహ.

1952లో జపాను ప్రపంచ బ్యాంకులో చేరి, మరుసటి యేడు మొదలు అప్పులు తీసికొనసాగెను. 1956 నుండి 1960 వరకు వతనబే ఆ బ్యాంకు డైరెక్టర్ల మండలిలో కూర్చుండెను. ఆ కాలపు అప్పులలో నొకటి మీరు వినదగినది. ఐచి ప్రాంతమున చిత యను ద్వీపకల్పము కలదు. అచట చెప్పుకోదగిన నది లేదు. రైతులు చెరువులలోని వాననీటినే నమ్ముకొని బ్రదుకుచుండిరి. కునో షోతరో యను రైతు, హమజిమ తత్సువో యను ఉపాధ్యాయుడు 1948లో ఊరూర తిరిగి, కిసో నదీజలములను తమ పొలములకు మళ్ళింపవలెనని ప్రజలను కూడగట్టిరి. 1957లో ప్రపంచ బ్యాంకు 70 లక్షల డాలర్ల ఋణమును మంజూరు చేసినది. అమెరికా ఇంజనీర్ల సలహాతో ఆనకట్టయు, 112 కిలోమీటర్ల ప్రధాన కాలువయు నిర్మించిరి. 1961లో నీరు పారినది. పని అడిగినవారు ఊరివారే. అప్పు వెనుక వచ్చినది.

ఆసియాకు తనదైన బ్యాంకుండవలెనని వతనబే 1963లో టోక్యోలో కొందరిని చేర్చి చర్చలు సాగించెను. 1965లో మనీలా సమావేశమున ప్రధాన కార్యాలయ స్థానమునకు ఓట్లు తీసినపుడు టోక్యో ఒక్క ఓటు తేడాతో ఓడి, మనీలా గెలిచినది. తాను శ్రమించి నిలిపినది పరదేశమునకు తరలిపోయినను వతనబే వెనుదీయలేదు. 1966 నవంబరులో సభ్యదేశములు ఆయననే తొలి అధ్యక్షునిగా ఎన్నుకొనినవి. డిసెంబరు 19న మనీలాలో ఆసియా అభివృద్ధి బ్యాంకు తలుపులు తెరచినది. మూలధనము 100 కోట్ల డాలర్లు. అందు జపాను, అమెరికా చెరి 20 కోట్లు వంతు వేసికొనినవి. మన దేశమును స్థాపక సభ్యులలో నొకటి.

పెట్టె నిండ సొమ్మున్నదని ఆయన తొందరపడలేదు. బ్యాంకు ఇంటి వైద్యునివలె నుండవలెనని ఆయన తలంపు. నాడి చూడక మందియ్యరాదు గదా! కనుక మొదటి యేడు అప్పులకు బదులు, 1967లో ఆసియా వ్యవసాయ స్థితిగతులపై సర్వే మొదలిడిరి. ఇండోనేషియాకు ఆహారధాన్యముల ఉత్పత్తి విషయమున నిపుణులను పంపిరి. తొలి ఋణము 1968 జనవరిలో, థాయిలాండులోని పరిశ్రమల ఋణసంస్థకు, 50 లక్షల డాలర్లు మాత్రమే. ఇంత నిదానమేల యని యడుగువారికి మా జవాబు ఒకటే: తిరిగి రాని అప్పు ఇచ్చినవానికే కాదు, పుచ్చుకొన్నవానికిని కీడే. ఆరేండ్లు కొలువు చేసి, 1972లో ఆయన తప్పుకొనెను.

స్థాపక సభ్యురాలైనను భారతదేశము 1986 వరకు ఆ బ్యాంకు నుండి అప్పు తీసికొనలేదు. ఇటీవల, 2024 డిసెంబరులో, అమరావతి నిర్మాణమునకు ఆ బ్యాంకు 78.88 కోట్ల డాలర్ల ఋణము నామోదించినది.

ఇక జపాను సంగతి. వతనబే ఇతర దేశములకు అప్పులు మంజూరు చేయుచున్న దినములలోనే, ఆయన దేశము ప్రపంచ బ్యాంకుకు పాత కిస్తీలు కట్టుచుండెను. చివరి కిస్తీ 1990 జూలైలో చెల్లినది. అప్పటికి ఆయన వయస్సు 84 ఏండ్లు. 2010లో, తన 104 ఏండ్ల ప్రాయమున, ఆయన కన్నుమూసెను.